బోర్డు మీద మూడో వరస

ఆమెని అందరూ మైకమ్మ అనేవారు. మైకులో మాట్లాడే మనిషని కాదు, మైకు అక్కర్లేని మనిషని. వాళ్ళ చర్చిలో మైకు మొరాయించని ఆదివారం అరుదు. అది గుర్రుమన్నప్పుడల్లా అయ్యగారు దాని నెత్తిన రెండు దెబ్బలు వేసి, ఇక లాభం లేదని ముందు బెంచీ వైపు చూసేవారు. మైకమ్మ లేచి పాట అందుకునేది. బయట సైకిళ్ళ దగ్గర నిలబడి కబుర్లాడుకునే మగవాళ్ళు కూడా మాట ఆపి లోపలికి వచ్చేవారు. ఇరవై రెండేళ్ళుగా క్రిస్మస్ పొద్దుటి ఆరాధన ఆమె గొంతుతోనే మొదలైంది. శ్రుతిపెట్టె తప్ప వాద్యాలేవీ ఉండవు. మొదటి చరణం ఆమె ఒక్కతే పాడాలి, రెండో చరణం నుంచి అందరూ కలవాలి. అక్కడి పద్ధతి అది.

అలాంటి మనిషి ఒక ఆదివారం సాయంత్రం, క్రిస్మస్ పాటల మొదటి సాధనకి వచ్చి, పాటల మాస్టారు శ్రుతి ఇవ్వగానే నోరు తెరిచి, మళ్ళీ మూసి, మెడ మీద చెయ్యి వేసుకుని గుసగుసగా అంది.

"గొంతు పోయింది మాస్టారూ."

పోలేదు. శుభ్రంగా ఉంది. ఆ పొద్దున్నే కుళాయి దగ్గర వరస తప్పించిన పక్కింటావిడతో వాదించి గెలిచి వచ్చిన గొంతు అది.

 అబద్ధాలాడే మనిషి కాదు. మార్కెట్లో ఎక్కువ తూచి ఇచ్చినా వెనక్కి వెళ్ళి చెప్పే రకం. ఆ మాట దానంతటదే నోట్లోంచి జారింది. జారాక వెనక్కి తీసుకోవడానికి ఒక్క నిమిషం ఉంది. ఆ నిమిషంలో మాస్టారు కంగారుపడి లేవడం, ఎవరో మంచినీళ్ళు తేవడం, ఎవరో వీపు రాయడం జరిగిపోయాయి. ఆ రాసే చేతి కింద నిజం చెప్పడం ఆమె వల్ల కాలేదు.

ఆ ఏడు మంచి ఏడు కాదు. మైకమ్మ పని ఆసుపత్రి లాండ్రీలో. భవనం అడుగున, కిటికీలు నేలకి ఆనుకుని ఉండే పొడవాటి గది. పై అంతస్తుల నుంచి మాసిన దుప్పట్లు గొట్టంలో జారి కిందికి వచ్చి పడేవి. ఉతికి, ఆరబెట్టి, ఇస్త్రీ చేసే రోలర్ మిషన్‌లోంచి తీసి, మడత పెట్టి, ట్రాలీలో పైకి పంపాలి. ఎండలు ముదిరినప్పుడు ఊళ్ళో పట్టుకున్న జ్వరం వానలు వెళ్ళేదాకా వదల్లేదు. పద్నాలుగు మంది ఆడవాళ్ళు చెయ్యాల్సిన పని తొమ్మిది మంది మీద పడింది. చనిపోయినవాళ్ళ దుప్పట్లు విడిగా పసుప్పచ్చ సంచుల్లో ముడి వేసి వచ్చేవి. మొదట్లో మైకమ్మ ప్రతి పచ్చసంచి దగ్గరా ఒక్క క్షణం ఆగి, ఆ పోయినవాళ్ళ ఇంటివాళ్ళ కోసం ఒక మాట ప్రార్థన చేసి ముడి విప్పేది. కొన్నాళ్ళకి ఆగడం మానేసింది. ఇంకొన్నాళ్ళకి ఆ సంచుల ముళ్ళు ఉల్లిపాయల బస్తా విప్పినట్టు విప్పడం మొదలుపెట్టింది. ఒకరోజు, సగం విప్పిన ముడి చేతిలో ఉండగా, తను మధ్యాహ్నం ఏం వండాలా అని ఆలోచిస్తున్నట్టు తెలిసి తన మీద తనకే అసహ్యం వేసింది.

ఇంట్లో ఎవరూ పోలేదు. అదీ ఆమెని తినేసిన సంగతి. మొగుడు పంపులు బాగుచేసే మెకానిక్కు, గుండ్రాయిలా ఉన్నాడు. అత్తగారికి ఎనభై దాటినా చెవులు తప్ప అన్నీ పనిచేస్తున్నాయి. ఆ జ్వరంలో కొడుకుని పోగొట్టుకున్న ఒక తల్లి వెనక బెంచీలో కూర్చుని కళ్ళు మూసుకుని పాడుతూనే ఉంది. ఏమీ పోగొట్టుకోని మైకమ్మకి మాత్రం ఆ సాయంత్రం పాట మొదటి మాట పైకి రాలేదు. ఆ మాట సంతోషం గురించి. లేని సరుకుని ఉందని అరిచి అమ్మినట్టు ఉంటుందనిపించింది. ఉన్న గొంతు లేదనడం తేలికైపోయింది.

అంతటితో ఆగి ఉంటే ఈ కథ లేదు. ఆ చర్చిలో ముందు గోడకి ఒక నల్లబోర్డు ఉండేది. దాని మీద తెల్ల రంగుతో గీసిన పన్నెండు వరసలు. కష్టంలో ఉన్నవాళ్ళ సంగతి ఒక్కో వరసలో సుద్దముక్కతో రాసేవారు. ప్రతి ఆదివారం సంఘమంతా నిలబడి, ఒక్కొక్క వరసా చదివి, ఒక్కొక్కదానికీ ప్రార్థన చేసేది. పన్నెండు దాటితే జనం పెదవులతో ప్రార్థిస్తారు, పన్నెండు లోపైతే మనసుతో చేస్తారని ఎప్పుడో పోయిన పాత అయ్యగారు పెట్టిన లెక్క అది. అడిగింది దొరికినవాళ్ళు అందరి ముందూ నిలబడి సాక్ష్యం చెప్పి, తమ వరస తామే చెరుపుకోవాలి. అప్పుడే ఖాళీ. ఈ బోర్డుకి అధికారి పదవీ విరమణ చేసిన పోస్టుమాన్. పోస్టు తాతగారని పిలిచేవారు. జేబులో సుద్దముక్క, చేతిలో రూళ్ళకర్ర. జ్వరాలు ముదిరిన రోజుల్లో అయ్యగారే వెళ్ళి పదమూడో వరస గియ్యమని బతిమాలినా ఆయన గియ్యలేదు.

మైకమ్మ గొంతు పోయిన పావుగంటలో బోర్డు మీద మూడో వరసలో, తాతగారి ముత్యాల్లాంటి అక్షరాల్లో, "మన మైకమ్మ గొంతు" అని ఎక్కేసింది. 'మన' అన్న మాట చూసి ఆమెకి ప్రాణం చచ్చిపోయింది.

ఇక చూడండి ఆమె తిప్పలు. వారం తిరిగేసరికి ఇంట్లోకి నాలుగు తేనె సీసాలు వచ్చాయి. ఒకావిడ ఉప్పు, ఒకావిడ మిరియాలు, ఒకావిడ తను స్వయంగా అల్లిన ఉన్ని మఫ్లరు. ఉక్కపోతలో ఆ మఫ్లరు మెడకి చుట్టుకుని చర్చిలో కూర్చుంటే అందరూ జాలిగా చూసేవారు. చెమట కారేది, ఆ చెమట చూసి జ్వరం కూడా ఉందనుకునేవారు. ఆదివారం బడి పిల్లలు మోకాళ్ళ మీద కూర్చుని, "దేవా, మైకమ్మగారికి గొంతు ఇవ్వు" అని కళ్ళు గట్టిగా మూసి అడుగుతుంటే, ఆమెకి భూమి చీలి అందులోకి పోతే బావుండనిపించేది.

అన్నిటికంటే గొప్ప శిక్ష అత్తగారు. అరిచి చెబితేనే సగం వినపడే మనిషికి గుసగుసలతో ఏం చెబుతారు? ఉప్పు కావాలంటే ఉప్పు డబ్బా తీసుకెళ్ళి చూపించాలి, డాక్టరు దగ్గరికి వెళ్ళాలంటే నాలుక చాపి చూపించాలి. ముసలావిడకి కోడలి గొంతొక్కటే చెవిలోకి దూరే గొంతు. ఆ ఒక్కటీ పోయేసరికి ఇల్లంతా నిశ్శబ్దమైపోయింది పాపం. రోజూ పొద్దున్నే కోడలి మెడ మీద వణికే చెయ్యి వేసి, తనకి వినపడదు కాబట్టి ఎవరికీ వినపడదనుకుంటూ, వీధి చివరిదాకా వినపడేలా ప్రార్థన చేసేది.

మొగుడి దగ్గర గుట్టు నాలుగు రోజులే నిలిచింది. పొయ్యి మీద పాలు పొంగిపోతుంటే మైకమ్మ వంటింట్లోంచి అలవాటుగా ఒక్క కేక వేసింది. వరండాలో పంపు విప్పుకుంటున్న ఆయన పానా కింద పెట్టి లోపలికి వచ్చాడు. పొంగిన పాలు తుడుస్తూ ఆమె ఏడ్చింది, ఉన్నదంతా చెప్పింది. ఆయన తిట్టలేదు.

"నేనైతే ఎవరికీ చెప్పను. కానీ పంపులో గాలి చేరితే పక్కింటివాళ్ళ నీళ్ళు కూడా ఆగిపోతాయే. నీ ఒక్కదాంతో పోయేది కాదు," అన్నాడు.

అది అప్పుడు ఆమెకి అర్థం కాలేదు. క్రిస్మస్ ఇంకా దూరం ఉంది, మెల్లగా తగ్గిందనొచ్చు, ఎవరికీ నష్టం లేదు అనుకుంది.

లాండ్రీలో ఆ రోజుల్లోనే ఒకమ్మాయి కొత్తగా చేరింది. చిరిగిన దుప్పట్లు కుట్టడానికి తీసుకున్నారు కాబట్టి కుట్టమ్మాయి అయింది. మైకమ్మకి మడతల జంట కూడా ఆమే. దుప్పటి మడత ఒక్క మనిషి పని కాదు. ఇద్దరూ చెరో రెండు కొసలూ పట్టుకుని గుంజాలి, సగానికి మడవాలి, ఎదురెదురుగా నడిచి వచ్చి ఒకరి కొసలు ఒకరికి అందించాలి, మళ్ళీ వెనక్కి వెళ్ళాలి. రోజుకి మూడు వందల దుప్పట్లంటే, రోజుకి ఎన్నిసార్లు ఆ అమ్మాయి ముఖం దగ్గరికి వచ్చి దూరం జరిగేదో లెక్క లేదు. ఆ పిల్లే మాట్లాడేది, గొంతు లేని మైకమ్మ తల ఊపేది.

అలా తెలిసింది ఆమె భర్త సంగతి. గోడలకి రంగులు వేసే మనిషి. జ్వరం తగ్గినట్టే తగ్గి ఊపిరితిత్తుల్లో కూర్చుంది. అదే ఆసుపత్రిలో రెండో అంతస్తులో ఉన్నాడు. అతని దుప్పటి కూడా ఈ గొట్టంలోంచే వచ్చేది. రంగు మరకల చేతులతో పట్టుకుని పట్టుకుని ఒక కొస దగ్గర నీలంగా అయిన దుప్పటి కనిపిస్తే, ఆ అమ్మాయి దాన్ని మడత పెట్టేముందు ఒకసారి చెంపకి ఆనించుకునేది. ఒక ఆదివారం ఆమే దారి అడిగి చర్చికి వచ్చింది. మైకమ్మ జరిగి పక్కన చోటిచ్చింది.

ఆ తర్వాత ప్రతి వారం వచ్చేది. క్రిస్మస్‌కి మూడు వారాల ముందు ఒకరోజు మడతల దగ్గర కుట్టమ్మాయి మామూలుగానే చెప్పింది.

"బోర్డు మీద ఆయన సంగతి రాయమని తాతగారిని అడిగానక్కా. పన్నెండూ నిండిపోయాయట. ఏ ఒక్కటి చెరిగినా మొదట నాదే రాస్తానన్నారు."

ఎదురుగా నడిచి వచ్చి కొసలు అందిస్తూ, కాస్త సిగ్గుపడి నవ్వింది.

"మీ గొంతు బానే వచ్చేస్తుందని అందరూ అంటున్నారు. అందుకే రోజూ ముందు మీ గొంతు కోసమే అడుగుతున్నాను. అందులో నా స్వార్థం కూడా ఉందనుకోండి."

మైకమ్మ చేతుల్లోంచి దుప్పటి జారి నేల మీద పడింది. ఉతికిన దుప్పటి నేలకి తగిలితే మళ్ళీ ఉతకాలి. ఆ అమ్మాయి దాన్ని తీసి మాసిన కుప్పలో వేసి, గొంతు నొప్పి చేతులకి దిగిందేమో కూర్చోమంది. మైకమ్మ కూర్చుంది. పంపులో గాలి చేరడమంటే ఏమిటో అప్పుడు తెలిసింది. బోర్డు మీద పన్నెండు చోట్లుంటే అందులో ఒకటి తన అబద్ధం ఆక్రమించుకుని కూర్చుంది. ఊపిరాడని మనిషి వాకిట్లో నిలబడ్డాడు.

నిజం చెప్పేస్తే సరిపోయేది కదా అంటారు. మనమైతే వెంటనే చెప్పేసేవాళ్ళం, కాదూ? మైకమ్మ మూడు వారాలు చెప్పలేదు. ముందు దొంగదారి వెతికింది. గొంతు వచ్చేసిందని చెప్పి వరస చెరిపేద్దామా అనుకుంది. అంటే ముందుకి వెళ్ళి సాక్ష్యం చెప్పాలి, చెయ్యని మేలుకి దేవుడి పేరు వాడాలి. ఆ పిల్లలు నమ్మేస్తారు. కుట్టమ్మాయి అందరికంటే ఎక్కువ నమ్ముతుంది. మైకమ్మ గొంతు వచ్చింది కాబట్టి తన భర్తకి ఊపిరి వస్తుందని ఆ దొంగ ఆశ పట్టుకుని మెట్లెక్కి పైకి వెళుతుంది.  మైకమ్మ అంత పాపం కట్టుకోలేననుకుంది.

చివరికి తాతగారి దగ్గరికి వెళ్ళి, తన వరస తీసేసి కుట్టమ్మాయి భర్తది రాయమని గుసగుసగా అడిగింది. కారణం చెప్పలేదు. తాతగారి కళ్ళు నీళ్ళతో నిండాయి.

"నలభై ఏళ్ళు ఉత్తరాలు పంచానమ్మా. నా ఉత్తరం వద్దు, పక్కింటివాళ్ళకి ఇచ్చెయ్యండన్న మనిషిని చూడలేదు. కానీ చేరాల్సిన చోటు చేరకుండా మధ్యలో ఆపడం నా వల్ల కాదు."

అక్కడితో ఊరుకోలేదు ఆ మహానుభావుడు. వెళ్ళి అయ్యగారికి చెప్పాడు. తర్వాతి ఆదివారం అయ్యగారు త్యాగం గురించి అరగంట మాట్లాడి, పేరు చెప్పకుండా ముందు బెంచీలోకి చూశారు. పేరు చెబితేనే నయంగా ఉండేది. అందరూ తిరిగి చూశారు. మైకమ్మ మఫ్లర్లో ముఖం దాచుకుంది. అది వినయమనుకున్నారు.

క్రిస్మస్ ముందు రోజు కుట్టమ్మాయి మడతలకి రాలేదు. మైకమ్మ ఒక్కతే ఒక దుప్పటి తీసుకుని, ఒక కొస బల్లకి కట్టి, రెండో కొస గుంజి మడవబోయింది. వంకరటింకరగా వచ్చింది. మళ్ళీ మడిచింది. మూడోసారి దాన్ని వదిలేసి, పైకి వెళ్ళాల్సిన ట్రాలీ తనే తోసుకుంటూ రెండో అంతస్తుకి వెళ్ళింది.

కుట్టమ్మాయి వార్డు బయట బెంచీ మీద ఉంది. నిన్నటి నుంచి ఊపిరి మరీ కష్టంగా ఉందని, రెండు రోజులు గడవాలన్నారని చెప్పింది. మైకమ్మ ఏదో అనబోతే చెయ్యి పట్టుకుని ఆపింది. మాట్లాడకండక్కా, నొప్పి పుడుతుందంది.

"నా గొంతు పోలేదు చెల్లీ," అంది మైకమ్మ.

గుసగుసగా కాదు, ఉన్న గొంతుతో. వరండా చివర నర్సు తిరిగి చూసింది. ఆ అమ్మాయి ముఖంలో ముందు వెలుగే వచ్చింది. వచ్చిందా అక్కా, ఎప్పుడు వచ్చింది అని సగం లేచింది. అంతకన్నా చెంపదెబ్బ కొట్టినా బావుండేది.

"రావడం కాదు. అసలు పోలేదు. మొదటి రోజు నుంచీ అబద్ధమే. పాడాలనిపించక అలా అన్నాను. నీ వరసలో కూర్చున్నది నా అబద్ధం."

కుట్టమ్మాయి మళ్ళీ కూర్చుంది. 

"రోజూ ముందు మీ గొంతు అడిగేదాన్ని. ఆ తర్వాత ఆయన ఊపిరి," అంది. అరవలేదు, ఏడవలేదు. లేచి ట్రాలీలోంచి ఒక దుప్పటి తీసుకుంది. "ఇది చాలు. మీరు వెళ్ళండి."

తలుపు మూసుకుంది. క్షమించమని అడగడానికి కూడా మైకమ్మకి ముఖం చెల్లలేదు. మిగతా దుప్పట్లు నర్సుకి అప్పగించి, ఖాళీ ట్రాలీ తోసుకుంటూ కిందికి వచ్చి సాయంత్రందాకా పని చేసింది.

క్రిస్మస్ పొద్దున చర్చి కిటకిటలాడింది. పాట మొదలుపెట్టే మనిషి లేదు కాబట్టి ఆ ఏడు పాట చివరికి జరిపి, వాక్యం చెప్పడం ముందు పెట్టారు. అయ్యగారు మేకలూ గొర్రెలూ కాసుకునేవాళ్ళ సంగతి చెప్పారు. వాళ్ళు రాత్రి డ్యూటీవాళ్ళు, పండగ బట్టలు వేసుకుని ఎదురుచూస్తున్నవాళ్ళు కారు, చలిలో కూర్చుని ఎప్పుడు తెల్లవారుతుందా అనుకుంటున్నవాళ్ళు, రక్షకుడు పుట్టాడన్న సంతోష వార్త ముందు వాళ్ళకే వచ్చిందన్నారు. ఎన్నో ఏళ్ళుగా విన్న మాటే. కానీ మైకమ్మ ఆ రోజు రాత్రి డ్యూటీ అన్న దగ్గర ఆగిపోయింది. ఆ వార్త చెప్పేముందు వాళ్ళని ఎవరూ మీకు సంతోషంగా ఉందా అని అడగలేదు.

సాక్ష్యాల సమయం వచ్చింది. మైకమ్మ మఫ్లరు విప్పి బెంచీ మీద పెట్టి లేచింది. ఆమె బోర్డు వైపు నడుస్తుంటే వెనకవాళ్ళు మెడలు చాచారు. మాస్టారు చిరునవ్వుతో శ్రుతిపెట్టె దగ్గరికి లాక్కున్నారు. పిల్లలు బెంచీల మీదికి ఎక్కారు. ఆ ముఖాల సంతోషం చూశాక ఆమె అడుగు ఆగింది. ఇప్పుడు కూడా ఒక్క మాట, "స్తోత్రం" అంటే చాలు, అందరూ ఆనందిస్తారు. వెనక గుమ్మం దగ్గర ఎవరో వచ్చి నిలబడ్డారు. కుట్టమ్మాయి. చెప్పుల్తోనే గడప అవతల నిలబడి ఉంది.

"నేను చెప్పేది సాక్ష్యం కాదు," అంది మైకమ్మ. మూడు నెలల తర్వాత ఆ గొంతు గోడలకి తగిలింది. "నా గొంతు ఎప్పుడూ పోలేదు. మీ అందరికీ అబద్ధం చెప్పాను. మీ పిల్లల చేత కూడా ఆ అబద్ధానికి ప్రార్థన చేయించాను. పాడాలంటే నా దగ్గర సంతోషం ఉండాలనుకున్నాను. వెతికితే లేదు. లేదని చెప్పుకోవడానికి సిగ్గేసింది. మీలో కష్టాలు పడ్డవాళ్ళంతా పాడుతున్నారు, నాకేం కష్టమని. నా వరస వల్ల ఇంకొకరి వరస ఆగిపోయింది. అది తెలిశాక కూడా మూడు వారాలు నోరు మూసుకున్నాను. దేవుడూ మీరూ క్షమించాలి."

 అంతలో రెండో బెంచీలోంచి అత్తగారు కర్ర ఊతంతో లేచి, రెండు చేతులూ పైకెత్తి, చర్చి అదిరిపోయేలా, "మా కోడలికి గొంతొచ్చింది! దేవుడికి స్తోత్రం!" అంది.

పాపం, ఆవిడకి మాటలు వినపడలేదు. గొంతు వినపడింది. మూడు నెలలుగా మూగబోయిన ఇంట్లో కూర్చున్న మనిషికి అంతకంటే ఏం కావాలి. ఏడుస్తూ స్తోత్రం, స్తోత్రం అంటూనే ఉంది. ఎవరో కిసుక్కున నవ్వారు. ఇంకెవరో ఊరుకోమన్నారు. ఆ ఊరుకోమన్న గొంతులోనూ నవ్వుంది. మెకానిక్కు తల్లిని మెల్లగా కూర్చోబెట్టి, చెవిలో ఏమీ చెప్పకుండా ఊరుకున్నాడు. మైకమ్మ మాత్రం నవ్వలేదు. ఆ ముసలావిడ చెప్పే స్తోత్రాలు ఒక్కొక్కటీ వచ్చి తగులుతుంటే తల దించుకుని డస్టరు కోసం చెయ్యి చాపింది.

పోస్టు తాతగారు డస్టరు ఇచ్చారు. ఆయన ముఖం వాడిపోయి ఉంది. ఆమె మూడో వరస చెరిపింది. పదమూడు వారాలు అదే చోట అదే మాట దిద్దారేమో, ఎంత తుడిచినా 'మన' అన్నది లీలగా కనిపిస్తూనే ఉంది. తాతగారు ఒక్క క్షణం ఆలోచించి, జేబులోంచి సుద్దముక్క తీసి ఆమె చేతిలో పెట్టారు. ఆయన సుద్దముక్క ఇంకొకరి చేతికివ్వడం ఆ సంఘంలో ఎవరూ చూడలేదు. వంకర అక్షరాలతో, "రంగులు వేసే తమ్ముడి ఊపిరి" అని ఆమే రాసింది. సంఘమంతా లేచి నిలబడి ఆ ఒక్క వరసకి ప్రార్థన చేసింది. ఆమె కళ్ళు తెరిచేసరికి గుమ్మంలో కుట్టమ్మాయి లేదు.

అప్పుడు మాస్టారు శ్రుతి పెట్టారు. మైకమ్మ బెదిరిపోయి, నేను పాడకూడదు మాస్టారూ అంది.

"అదంతా తర్వాత మాట్లాడుకుందాం. పది దాటింది. పాట మొదలవ్వాలి," అన్నారు మాస్టారు కాస్త విసుగ్గా. ఆయనకి కోపం వచ్చిందో లేదో ఎవరికీ తెలియలేదు.

ఆమె నోరు తెరిచింది. మూడు నెలలు గుసగుసలాడిన గొంతు మాట్లాడటానికి పనికొచ్చింది గాని పాటకి రాలేదు. మొదటి మాట సగంలోనే చీలిపోయింది. మళ్ళీ ప్రయత్నిస్తే అసలు శబ్దమే రాలేదు. ఈసారి నిజంగానే గొంతు లేదు. నమ్మేవాళ్ళు ఎవరు? సుద్దముక్క పట్టుకుని దొంగలా నిలబడింది.

వెనక బెంచీల్లోంచి, కొడుకుని పోగొట్టుకున్న తల్లి మొదటి మాట అందుకుంది. శ్రుతి కాస్త తప్పింది. పక్కావిడ కలిసింది. తర్వాత మగవాళ్ళు, తర్వాత పిల్లలు, ఆఖరికి మాస్టారు. ఇరవై రెండేళ్ళుగా ఇంకెవరూ పాడని చరణం అది. అందరికీ వచ్చినట్టు అంతవరకూ ఎవరికీ తెలియదు. మైకమ్మ నోరు మూసుకుని నిలబడింది. ఇరవై రెండేళ్ళలో ఆ చరణం ఆమె వినడం అదే మొదటిసారి. ఎప్పుడూ చెప్పే మనిషిగానే ఉంది గాని, ఆ వార్త తనకి కూడా వచ్చిందన్న సంగతి అంతవరకూ ఆమెకి తట్టలేదు. తన దగ్గర లేదనుకున్న సంతోషం ఎదురుగా అంతమంది నోళ్ళలోంచి, శ్రుతి తప్పుతూ, తన మీదికి వస్తోంది. సిగ్గు పోలేదు. సిగ్గు ఉండగానే అది వచ్చి పక్కన కూర్చుంది. ఆమె ఏడ్చింది.

ఆసుపత్రి దుప్పట్లకి పండగ లేదు. మధ్యాహ్నం డ్యూటీకి మైకమ్మ కిందికి దిగేసరికి కుట్టమ్మాయి మడతల బల్ల దగ్గర నిలబడి ఉంది. ఇద్దరూ మాటల్లేకుండా చెరో రెండు కొసలూ పట్టుకున్నారు. పది దుప్పట్లు అలాగే నడిచాయి. ఆ అమ్మాయి కొసలు అందించేటప్పుడు ముఖం పక్కకి తిప్పుకుంటోంది. పదకొండో దుప్పటి దగ్గర, ముఖం ఇటు తిప్పకుండానే, తాతగారు వార్డుకి వచ్చి వెళ్ళారని, తన భర్త పొద్దున కళ్ళు తెరిచి మంచినీళ్ళు అడిగాడని చెప్పింది. అంతకుమించి ఏమీ తెలియదంది.

"నాకు కోపం పోలేదక్కా."

"పోనక్కర్లేదు," అంది మైకమ్మ.

రోలర్ మిషన్ ఆగింది. గదిలో చప్పుడు తగ్గింది. కుట్టమ్మాయి తన రెండు కొసలూ పట్టుకుని అవతలి చివర నిలబడిపోయింది.

"రెండు నెలలు రోజూ మీ గొంతు అడిగాను. మీరు పాడగా ఒక్కసారి కూడా వినలేదు. దేని కోసం అడిగానో నాకు తెలియాలి కదా. పాడండి."

 మైకమ్మ పొద్దున జరిగింది చెబుదామనుకుంది, గొంతు చీలిపోతుందని చెబుదామనుకుంది. ఇక చెప్పుకునే సాకులు ఆ అమ్మాయి దగ్గర చెల్లవు. దుప్పటి గట్టిగా పట్టుకుని మొదటి చరణం అందుకుంది. గరగరలాడింది, రెండు చోట్ల విరిగింది, ఒక చోట గాలి తప్ప ఏమీ రాలేదు. మైకమ్మ జీవితంలో అంత అధ్వాన్నంగా ఎప్పుడూ పాడలేదు. అయినా ఆపకుండా చివరిదాకా పాడింది.

 చరణం అయిపోయాక కుట్టమ్మాయి తన కొసలు రెండూ ఎత్తి పట్టుకుని ఎదురుగా నడిచి వచ్చి, ఈసారి ముఖం తిప్పుకోకుండా, ఆమె చేతుల్లో పెట్టింది.